ఆ పేరు ఎవరన్న చూసిన్రా?

సదివేటోళ్ళందరికి దండాలు. నా రాత కోడిగీకుడు లెక్క ఉంటది, ఒత్తులు ఏడ పడ్తయో నాకే తెల్వదు. ఊర్ల అయిదో తరగతి దాక సదివిన. అటెనక ఇస్త్రీ పెట్టె పట్టుకున్న చెయ్యి మల్ల కలం పట్టింది తక్కువ. అచ్చేసేటోళ్ళు తప్పులుంటె దిద్దుకోన్రి, మాటలు మాత్రం మార్చకున్రి. ఎందుకో కిందికి పోతె మీకే తెలుస్తది.

మా సారు పోయిండు.

దిల్‌సుఖ్‌నగర్ మెయిన్ రోడ్డు ఎనకాల, హాస్టళ్ళ గల్లీల నాది ఇస్త్రీ బండి. పోయిన దసరా ముంగట ఒక బంద్ దినం పొద్దుగాల ఫోన్ మోగింది. సారు భార్య, మేము అమ్మగారంటం. అంతకు ముందు ఎన్నడు నాకు ఫోన్ చెయ్యలే ఆమె.

“నిన్న ఆయన ఇచ్చిన తెల్లచొక్కా అయిందా?” అన్నది.

“అయిందమ్మా. రేపు బస్సులు తిరిగితె సారే ఒచ్చి తీస్కపోతడు తియ్యి” అన్న.



“ఆయన రారు. నువ్వే తీసుకురా. ఆయనకి వెయ్యాలి” అన్నది.

అంగిని పేపర్ల చుట్టి, మడత నలగకుండ రెండు చేతుల మీద పెట్టుకొని ఎల్బీ నగర్ దిక్కు నడిచిన. కొత్తపేట పొంటి షట్టర్లన్ని దిగి ఉన్నయి. చౌరస్తకాడ నడి రోడ్డు మీదనే పొయ్యిలు పెట్టి అన్నం వండుతున్నరు. ఉద్యమంల అదొక పద్ధతి, రోడ్డు ఆపనీకి రోడ్డు మీదనే వండుకొని తినుడు. మా కొడుకు గూడ అండ్లనే ఉన్నడు, చేతిల గంటె.

“ఏంది నాయినా, బంద్ దినం గూడ ఎవలి బట్టలు మోస్తున్నవ్?” అన్నడు నవ్వుకుంట.

“సారు పోయిండురా” అన్న.

వాని నవ్వు ఆగిపోయింది. గంటె పట్టుకొని అట్లనే నిలబడ్డడు. ఎందుకట్ల నిలబడ్డడో ఎనక చెప్త.

సారు సినిమలకు రాసేటోడు. సినిమ పేరు అడుగుతరని నాకు తెలుసు. అందరు అదే అడుగుతరు. ఆయన రాసిన ఏ సినిమల గూడ ఆయన పేరుండదు. “ఒక్కో సినిమాకి నలుగురం కూర్చుని రాస్తామయ్యా, తెర మీద ఐదోవాడి పేరు పడుద్ది” అనేటోడు. “మమ్మల్ని ఘోస్టులంటారు. దయ్యానికి ఇస్త్రీ చొక్కా ఎందుకండీ అంటుంది మా ఆవిడ.”

తెనాలి దిక్కోడు ఆయన. నేను నల్లగొండ దిక్కోణ్ణి. ఆయన కిరాయి ఇల్లు మొదట్ల మా గల్లీలనే ఉండె.

మొదటిసారి నా బండికాడికి ఒచ్చిన దినం మాట చెప్త. ఒక అంగి ఇచ్చిండు. అటు మర్లి, గోడ దిక్కు చూస్కుంట అన్నడు గదా:

“నన్ను ఒంటరిగా వదిలేసి వెళ్ళిపోతావా?”

నేను పరేషానైన. “ఏడికి పోను సారూ, ఇంక ఇన్ని అంగీలున్నయ్ గద” అన్న.

ఇటు మర్లి కడుపు పట్టుకొని నవ్విండు. “నిన్ను కాదయ్యా! డైలాగు. హీరోయిన్ అంటుంది.”

“ఎందుకంటది?” అన్న.

“అదీ పాయింటే” అన్నడు. కాగితం చించి నా బొగ్గులల్ల ఏసిండు.

అటెనక అదే ఆయన పని పద్ధతి అయింది. రోజుకు ఒక్కటే అంగి తెచ్చేటోడు. ఇంట్ల అరడజను మాసి ఉన్నా ఒక్కటే. అది ఇచ్చి అటు మర్లి నిలబడి రాసింది ఒక్కొక్క మాట అనేటోడు. నేను ఇస్త్రీ చేస్తుంటె నా పెట్టె సప్పుడు వినేటోడు. నడుస్తనే ఉంటె ఆ మాట కొట్టేసేటోడు. ఆగిందంటె మాట కింద గీత గీసి ఉంచుకునేటోడు. నాకు తెల్వకుండనే ఆగేది అది. నేనెన్నడు కావాల్నని ఆపలే.

“పెద్ద పెద్దవాళ్ళు బాగుందంటారయ్యా. మొహమాటానికి అంటారు. నీ పెట్టెకి మొహమాటం లేదు” అనేటోడు.

ఒకసారి సినిమల ఒక తల్లి అనే మాట అన్నడు. నా పెట్టె ఆగింది, ఆగింది, కాలిన వాసన ఒచ్చే దాక ఆగింది. హాస్టల్ పిలగాని అంగి. మర్నాడు వానికి ఇంటర్వ్యూ. సారు తన ఒంటి మీది అంగి ఇప్పి నా చేతిల పెట్టి, “ఇది చేసి వాడికివ్వు, కొలత సరిపోద్ది” అని, బనీను మీదనే గల్లీల నడుచుకుంట పోయిండు. ఎనక్కి మర్లి, “డైలాగు మాత్రం ఉంచుతున్నా!” అని అరిసిండు.

దిల్‌సుఖ్‌నగర్ల కోచింగులు పెరిగి కిరాయిలు పెరిగినంక ఆయన ఎల్బీ నగర్ అవతలికి ఇల్లు మారిండు. అక్కడ ఇస్త్రీ బండ్లు లేవా? ఉన్నయి. ఆయిన గూడ ఒక్క అంగి చంకల పెట్టుకొని బస్సెక్కి ఒచ్చేటోడు.

ఇగ ఒక చేదు ముచ్చట. చెప్పకపోతె మిగిలింది అర్థం కాదు. బొగ్గులు అంటుకోకుంటె నేను ఊదుకుంట, “ఏందే నీ నకరాలు, జర అంటుకోయే తల్లీ” అని బతిమిలాడుత. మా అమ్మ పొయ్యికాడ అట్లనే అనేది. ఒకనాడు నేను, నా భార్య సినిమకు పోయినం. అండ్ల ఒక దొంగ, తాళం రాకుంటె, “ఏందే నీ నకరాలు, జర తెరుసుకోయే తల్లీ” అన్నడు. హాలంత నవ్వింది. నేను గూడ నవ్విన. నా భార్య నవ్వలే.

“అది నీ మాట గాదా?” అన్నది. “నిన్నే నడుమ నిలబెట్టి నవ్వినట్టుంది నాకు.”

తెల్లారి సారు ఒస్తె అడిగిన. ఆయనను నేను అడిగింది ఒక్కటంటె ఒక్క మాట. “సారూ, మా మాటలు దొంగలకే ఎందుకు పెడ్తరు?”

సారు ఏదో చెప్పబోయిండు. “వాళ్ళు అలాగే అడుగుతారయ్యా. హీరోకి మా భాష, దొంగకి మీ...” అని, నడుమల ఆగిపోయిండు. అంగి తీస్కొని పోయిండు. చాన దినాలు రాలే.

అప్పుడప్పుడే ఉద్యమం పెద్దగైతున్నది. బంద్‌లు, రాస్తారోకోలు, పిల్లలు లాఠీదెబ్బలు తినుడు. మల్ల ఒచ్చినప్పుడు సారు ఆ ముచ్చట ఎత్తలే. చాయ తాగుకుంట వేరే ముచ్చట చెప్పిండు.

“బస్సులో టికెట్ అడగాలంటే భయమేస్తోందయ్యా. నోరు తెరిస్తే ఊరు తెలిసిపోద్ది. వేలు చూపించి చిల్లర చేతిలో పెడుతున్నా. ముప్పై ఏళ్ళు జనానికి మాటలు రాసినోణ్ణి, మూగోణ్ణయిపోయా.”

ఆయన నవ్విండు గాని నాకు నవ్వు రాలే. ఎప్పుడూ ఎక్కువ మాట్లాడనోణ్ణి, ఆ దినం ఎందుకో మా నాయిన మాట చెప్పిన.

మా ఊరి ఫ్లోరైడ్ నీళ్ళు తాగి తాగి మా నాయిన నడుము ఒంగిపోయి ఉండె. నేను పట్నం ఒచ్చే దినం బస్సు దాక ఒచ్చిండు. పోవద్దనలే, పొమ్మనలే. బస్సు కదిలేటప్పుడు కిటికి పట్టుకొని, “పట్నంల ఎవలన్న ఏ ఊరని అడిగితె మెల్లగ చెప్పకు బిడ్డా. గట్టిగ చెప్పు” అన్నడు. ఒంగిన మనిషి గద, నా దిక్కు చూడనీకి మెడ ఒక్కటే పైకెత్తిండు.

సారు చేతిల చాయ గిలాస ఆగిపోయింది. ఎన్నేండ్లు నా పెట్టె ఆగుడు ఆయన చూసిండు. ఆయన చెయ్యి ఆగుడు నేను చూసింది ఆ ఒక్కసారే.

“ఇది నేను వాడుకోనా?” అన్నడు.

“దొంగకా?” అన్న. కోపంతోని అనలే, నిజంగనే అడిగిన.

“కాదయ్యా. తండ్రికి. కథలో పెద్దమనిషికి” అన్నడు.

ఆ తండ్రి కోసమే సినిమ రాసిండు. సినిమ మొత్తంల ఆ తండ్రి మా తీరుగనే మాట్లాడ్తడు. ఎవలు నవ్వరు ఆయనను చూసి. తీసేటోళ్ళు భాష మార్చమన్నరట, సారు మార్చలే. ఇంకొకటి గూడ అడిగిండు, జిందగీల మొదటిసారి. ‘మాటలు’ అని పడ్తది చూడున్రి తెర మీద, దాని కింద తన పేరు పడాలన్నడు. “ఊరు గట్టిగా చెప్పమన్నవాడి మాట రాసి, నా పేరు నేను దాచుకుంటే ఎట్లాగయ్యా?” అన్నడు నాతోని. డైరెక్టర్ సరే అన్నడట. కాని ఆ పంతానికి మిగతా పెద్దోళ్ళు ఈయనను పిలుసుడు బంద్ చేసిన్రు. కథలకు కూసోబెట్టే దయ్యాలు చాన మంది దొరుకుతరు గద.

సినిమ ఒక శుక్రవారం దిల్‌సుఖ్‌నగర్ల పడ్డది. చిన్న సినిమ. ముందుగాల పట్నంల ఆ ఒక్క హాల్లనే ఏసిన్రు. ఇక్కడ నడిస్తె ఆంధ్ర దిక్కు ఇస్తమన్నరట.

సారు పోలే. “పేరు లేని సినిమాలన్నీ ఒక్కణ్ణే వెళ్ళి చూశా. పేరున్నది ఆవిడ పక్కన కూర్చుని చూస్తా. శుక్రవారం పూజ ఉంది, ఆవిడ గడప దాటదు. ఆదివారం వెళ్తాం” అన్నడు. డైరెక్టర్ ఫోన్ల “పడింది సార్” అన్నడట. ఇంతకు ముందు సారు అడగకున్నా ఇంకొకలు గూడ ఆ మాట అన్నరు, పడలే. అందుకే సారు నన్ను అడిగిండు. “నువ్వు ముందు చూసిరా. పేరు పడేప్పుడు రెప్ప వెయ్యకు.”

వనస్థలిపురంల బట్టలిచ్చి, సైకిల్ మీద మర్లి ఒస్తుంటె ఎల్బీ నగర్ చౌరస్తకాడ రాస్తారోకో. మనిషి పోనీకి గూడ సందు లేదు. హాల్లకు పోయేసరికి పేర్లన్ని అయిపోయినయి. తెర మీద బస్సు, కిటికి పట్టుకున్న ముసలాయన.

“మెల్లగ చెప్పకు బిడ్డా. గట్టిగ చెప్పు.”

హాలు సగం గూడ నిండలే. ఉన్నోళ్ళల్ల ఒక్కరు దగ్గలే, ఒక్క కుర్చీ కిర్రుమనలే. మా నాయిన పోయి ఎన్నేండ్లాయెనో. ఆ చీకట్ల నా పక్క కుర్చీల ఆయన కూసున్నట్టనిపించింది, నడుము తిన్నగైనట్టు.

సీద సారు ఇంటికి పోయిన. గేటుకాడనే నిలబడి ఉన్నడు.

“సారూ, అందరి ఇస్త్రీ పెట్టెలు ఆగినయ్” అన్న.

ఆయన కండ్లల్ల నీళ్ళు తిరిగినయి. తుడుసుకొని, “పేరు?” అన్నడు.

“రోడ్డు బంద్ ఉండె సారూ. నేను పోయేసరికి అయిపోయినయ్.”

“పోన్లే. ఆదివారం ఇద్దరం చూస్తాంగా” అన్నడు.

ఆ ఆదివారం రాలే. శనివారం పొద్దుగాల పోరగాండ్లు హాలు మీదికి పోయిన్రు. ఆంధ్రోళ్ళ సినిమలు ఆడనియ్యమని పోస్టర్లు చింపిన్రు. హాలోళ్ళు గేటుకు తాళమేసిన్రు. ఆ పోరగాండ్లల్ల మా కొడుకు ముందటున్నడు.

“అరేయ్, ఆ సినిమల మీ తాత మాటలున్నయ్ రా” అన్న వాడు ఇంటికొచ్చినంక.

“ఎవల్ రాసిన్రు?”

“మన సారే.”

“అయితె ఏంది నాయినా? ఎన్నేండ్ల సంది మన మాటలు రౌడీలకు, జోకర్లకు పెట్టి నవ్విచ్చిన్రు. నీకు కోపం రాదా? ఇప్పుడొక్కటి మంచిగ రాస్తె అయిపోతదా?”

వాడు చెప్పింది నిజమే. ఆ రాసినోళ్ళల్ల సారు గూడ ఉన్నడు, అది గూడ నిజమే. నాయిన లెక్క నాకు మాటలు రావు. అప్పటికీ, “ఆయన పేరు మొదటిసారి పడ్డదిరా, ఆయనే చూస్కోలే” అన్న. వాడు అన్నంల చెయ్యి కడిగి లేచిపోయిండు.

మల్ల ఆ సినిమ పడలే. ఇక్కడనే ఆగిపోయింది గద, అవతల దిక్కు పోనే పోలే. టీవీల రాలే, సీడీ రాలే.

తర్వాత సారు ఒచ్చుడు మానలే. కాని ఇస్త్రీ చేసిన అంగినే తెచ్చేటోడు.

“మడత గూడ ఇప్పలే గద సారూ” అన్న ఒకసారి.

“మళ్ళీ చెయ్యవయ్యా. పనేం పోయింది” అన్నడు.

చేసిన. ఆయన గోడ దిక్కు మర్లి నిలబడేటోడు గాని ఏం అనేటోడు కాదు. నా పెట్టె ఆగకుండ నడుస్తనే ఉండేది. ఆ సప్పుడు వినలేక నేనే కావాల్నని ఆపిన ఒకనాడు. ఆయన ఎంటనే ఇటు మర్లి, “నేనేం అనలేదే?” అన్నడు. నేను మల్ల పెట్టె నడిపిన.

ఆఖరి దినం తెల్ల అంగి ఇచ్చి, పోబోయి ఆగిండు. “ఆ రోజు హాల్లో నిజంగా చప్పుడు లేదా?” అన్నడు.

“లేదు సారూ. మా నాయిన తోడు.”

తల ఊపి బస్సు దిక్కు పోయిండు. తెల్లారి అమ్మగారి ఫోన్.

వెయ్యాలని అంగి తెప్పించింది గాని, దాని మడత ఇప్పనీకి ఆమెకు చెయ్యి రాలే. ఛాతి మీద అట్లనే పెట్టింది. బంద్‌తోని తెనాలి సంది ఎవలు రాలేకపోయిన్రు. పాడె పట్టనీకి మనుషులు లేరు. పొద్దెక్కినంక మా కొడుకు, వాని దోస్తులు ఒచ్చిన్రు. వాడే మడత ఇప్పి తొడిగిండు. చౌరస్తకాడ రోడ్డు మీద పొయ్యిలు జరిపిచ్చి, డప్పులు ఆపిచ్చి, “జరగున్రే, మా సారు ఒస్తున్నడు” అని ముందట నడిసిండు. గట్టిగనే అన్నడు.

పెద్దకర్మ ముంగట సారు వాళ్ళ అన్న ఒచ్చిండు. అందరిని పిలిచే కార్డు మీద సారు పేరు కింద ఏం రాయాలె అన్న మాట ఒచ్చింది.

“సినీ రచయిత అని వేయిద్దామా అమ్మా? పదిమందీ అడుగుతారు, ఏ సినిమా అని. ఏం చెప్తాం? ఎక్కడా పేరు లేదు కదా.”

అమ్మగారు మెల్లగ అన్నది, “ఉందో లేదో తెలీదు బావగారూ. తెలిసిన రోజు వేయిస్తా. అప్పటిదాకా ఉత్త పేరే ఉండనివ్వండి.”

అప్పటి సంది నేను తిరుగుతున్న. సినిమ ఆఫీసుకు పోయిన, టూలెట్ బోర్డు ఉన్నది. డైరెక్టర్‌కు ఫోన్ చేసిన. “పడింది పెద్దాయనా. పడిందనే అనుకుంటా. టైటిల్స్ వేరేవాళ్ళు చేశారు” అన్నడు. ఆ ‘అనుకుంటా’ నేను అమ్మగారికి చెప్పలే. హాలు గేటుకాడి మనిషిని అడిగిన, ఆయన బయటనే ఉంటడట. మా కొడుకు సైదాబాద్ సంది నాదర్‌గుల్ దాక దోస్తులందరిని అడిగిండు. హాలు ఆపినోళ్ళు దొరికిన్రు గాని, చూసినోళ్ళు ఒక్కరు దొరకలే. వాడు ఇంటికొచ్చి గోడ దిక్కు మర్లి పండుకుంటున్నడు.

అందుకే మిమ్మల్ని అడుగుతున్న. ఆ శుక్రవారం ఆ హాల్ల సగం లేకున్నా మంది ఉన్నరు. చీకట్ల నా ముందట కూసున్నరు, మీ తలలు నేను చూసిన. మీరు నా కంటె ముందొచ్చిన్రు, పేర్లు చూసిన్రు.

సారు పేరు, సినిమ పేరు నేను ఇందుల రాస్తలేను. అది అమ్మగారి మాట. “పేరు చెప్పి అడగొద్దు. జాలిపడి చూశామంటారు. నాకు జాలి వద్దు” అన్నది. బస్సు కిటికి పట్టుకున్న ముసలాయన యాదికుంటె మీకు ఏ సినిమనో తెలుస్తది. ‘మాటలు’ అన్న దాని కింద మీరు చూసిన పేరు ఏందో అదే రాయున్రి. పడలేదని తెలిస్తె అది గూడ రాయున్రి. ఆమె తట్టుకుంటనన్నది. తెల్వకపోవుడే తట్టుకోలేకపోతున్న అన్నది.

శివరాత్రి దాటింది. ఉగాదికి ఆమె తమ్ముడు ఒచ్చి తెనాలి తీస్కపోతడు. కిరాయి ఇల్లు ఖాళీ చేస్తరు. ఫోటో ఒక్కటి గోడ మీద ఉన్నది, తెల్ల అంగి తోని. ఫ్రేమ్ కట్టినాయన, సారు పేరు కింద ఇంకొక లైను పట్టేంత జాగ ఇడిసిపెట్టిండు, అమ్మగారే ఇడిసిపెట్టమన్నది. పొద్దుగాల నేను పోయినప్పుడల్ల ఆమె కొంగుతోని ఫోటో తుడుస్తుంటది. ముఖం తుడుస్తది, పేరు తుడుస్తది, ఆ ఖాళీ జాగకొచ్చేసరికి చెయ్యి ఆగిపోతది.

ఈ పత్రికకు రాస్తె నాకు చేరుతది. జర జల్ది రాయున్రి.